సీసాలోని బాక్టీరియా బతికే ఉందా?

సంపాదకులకు నమస్కారం.

ఇంట్లో కొత్తగా అక్వేరియం పెట్టుకునేవారి చేతిలో చేపలతో పాటు ‘మేలు చేసే బాక్టీరియా’ సీసా ఒకటి పెట్టి పంపడం ఇప్పుడు మామూలైపోయింది. అది పోసిన రోజే చేపలను వదలవచ్చని చాలా సీసాల మీద రాసి ఉంటుంది. ఆ మాట నమ్మి చేపలను పోగొట్టుకున్నవారిలో నేనూ ఒకణ్ని. అయినా ఆ సీసాలు పనికిరావని చెప్పడానికి ఈ ఉత్తరం రాయడం లేదు. సరైనది దొరికి, సరిగా వాడితే, మామూలుగా నాలుగు నుంచి ఆరు వారాలు పట్టే పనిని అవి బాగా తగ్గించగలవని తరవాత స్వయంగా చూశాను. నా బాధ వేరు. లోపల ఉన్నది ఏ జాతి బాక్టీరియానో, అది ప్రాణంతో ఉందో లేదో కొనేవారికి తెలిసే దారి లేకుండా వాటిని అమ్ముతున్నారు. ఆ తెలియనితనానికి మూల్యం చెల్లిస్తున్నది నోరులేని చేపలు.

నా మొదటి తొట్టిలో జరిగింది చెబుతాను. నీళ్లు నింపి, సీసా మూతతో కొలిచి మందు పోసి, ఆ సాయంత్రమే ఎనిమిది చేపలను వదిలాను. రెండు రోజులు అంతా బాగానే ఉంది. మూడో రోజు ఉదయం చేపలన్నీ నీటి పైభాగానికి చేరి, నోరు తెరుచుకుని గాలి కోసం తంటాలు పడుతున్నాయి. మొప్పల మూతలు ఆగకుండా కొట్టుకుంటున్నాయి. ఎప్పుడూ విసనకర్రల్లా విప్పుకుని ఉండే రెక్కలు ఒంటికి అతుక్కుపోయాయి. నీరు మాత్రం అద్దంలా తేటగా ఉంది. ఆ తేటదనమే నన్ను మోసం చేసింది. గాలి చాలడం లేదనుకుని ఎయిర్ పంప్ పెట్టాను, మరో రెండు మూతల మందు పోశాను, నీరసించాయేమోనని మేత కూడా వేశాను. ఐదో రోజుకు ఐదు చేపలు పోయాయి. ఈ రంగంలో అనుభవమున్న మిత్రుడొకరు వచ్చి, చిన్న గాజు గొట్టంలో ఆ నీరు పట్టి పరీక్ష ద్రావణం చుక్కలు వేశారు. అమ్మోనియా లేకపోతే పసుపు రంగులోనే ఉండవలసిన నీరు కొద్ది నిమిషాల్లో ముదురు ఆకుపచ్చకు తిరిగింది.

చేప తన ఒంట్లోని అమ్మోనియాను ఎక్కువగా మొప్పల ద్వారానే నీటిలోకి వదులుతుంది. తినకుండా మిగిలిన మేత, చేపల మలం, కుళ్లిన ఆకులు కూడా చివరికి అమ్మోనియాగానే మారతాయి. నీటిలో అది రెండు రూపాల్లో ఉంటుంది. విద్యుదావేశం లేని అమ్మోనియా రూపం విషం, అమ్మోనియం అయాన్ రూపం అంత ప్రమాదకరం కాదు. ఏది ఎంత ఉంటుందో నీటి ఆమ్ల, క్షార గుణాన్ని కొలిచే పీహెచ్, ఉష్ణోగ్రత నిర్ణయిస్తాయి. 25 డిగ్రీల సెల్సియస్ దగ్గర పీహెచ్ 7 ఉన్న నీటిలో మొత్తం అమ్మోనియాలో విష రూపం ఒక శాతం కన్నా తక్కువే, పీహెచ్ 8 అయితే అది దాదాపు ఐదు శాతానికి చేరుతుంది. పరీక్షలో ఒకే అంకె కనిపించినా ఒక ఇంట్లో చేపలు బతకడం, ఇంకో ఇంట్లో చనిపోవడం వెనుక ఉన్న కారణాల్లో ఇదొకటి. ఈ అమ్మోనియాను ఒక రకం సూక్ష్మజీవులు నైట్రైట్‌గా, మరో రకం సూక్ష్మజీవులు ఆ నైట్రైట్‌ను నైట్రేట్‌గా మారుస్తాయి. నైట్రైట్ కూడా విషమే. అది రక్తంలోని హిమోగ్లోబిన్‌ను ఆక్సిజన్ మోయలేని స్థితికి తెచ్చి, రక్తాన్ని గోధుమ రంగుకు తిప్పుతుంది. నీటిలో ఆక్సిజన్ పుష్కలంగా ఉన్నా చేప ఊపిరాడక చనిపోతుంది. చివరగా మిగిలే నైట్రేట్ వీటితో పోలిస్తే చాలా మేలు. మొక్కలు దాన్ని కొంత పీల్చుకుంటాయి, మిగిలింది నీరు మార్చినప్పుడు పోతుంది.

అంటే మనం సీసాలో కొనవలసినది ఈ రెండు పనులూ చేయగల జీవులను. అవి ఏవన్న విషయంలోనే చాలాకాలం పొరపాటు సాగింది. అమ్మోనియాను ఆక్సీకరించి ఆ శక్తితోనే బతికే జీవులున్నాయని సూక్ష్మజీవ శాస్త్రవేత్త సెర్గీ వినోగ్రాడ్‌స్కీ 1890 ప్రాంతంలో నిరూపించారు. అప్పటి నుంచి నైట్రైట్‌ను నైట్రేట్‌గా మార్చే పని నైట్రోబాక్టర్ అనే బాక్టీరియాదే అని అందరూ అనుకున్నారు, అక్వేరియం పుస్తకాలూ అదే రాశాయి. 1998లో శాస్త్రవేత్త తిమోతీ హోవనెక్, ఆయన సహచరులు మంచినీటి అక్వేరియంలలో ఆ పని ప్రధానంగా చేస్తున్నది నైట్రోస్పైరా జాతి అని చూపించారు. 2015లోనైతే అమ్మోనియా నుంచి నైట్రేట్ వరకు మొత్తం పనిని ఒంటరిగా పూర్తి చేసే నైట్రోస్పైరా రకాలు కూడా ఉన్నాయని తేలింది. కాబట్టి ఈనాటికీ మంచినీటి తొట్టి కోసమని నైట్రోబాక్టర్ పేరొక్కటే రాసి ఉన్న సీసా కనిపిస్తే అనుమానించడమే మంచిది. అసలు ఏ పేరూ రాయని సీసాల సంగతి వేరే చెప్పనక్కరలేదు.

పేరు సరైనదే అయినా ప్రాణం సంగతి మిగిలే ఉంటుంది. అమ్మోనియా, నైట్రైట్‌ల మీద బతికే ఈ బాక్టీరియా బీజాల్లాంటి స్పోర్లను తయారు చేసుకోలేదు. మనకు బాగా తెలిసిన ఈ-కోలి అనుకూల పరిస్థితుల్లో ఇరవై నిమిషాలకోసారి రెట్టింపవుతుంటే, వీటికి ఆ పనికి అర రోజు నుంచి ఒక రోజు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువే పడుతుంది. ఎండలో నిలిపిన బండిలో ఉడికినా, గడ్డకట్టినా, అల్మారాలో ఏళ్ల తరబడి పడి ఉన్నా మిగిలేవి తక్కువ. ఇందుకు భిన్నంగా బాసిల్లస్ జాతి బాక్టీరియా స్పోర్ల రూపంలో దీర్ఘకాలం నిలవ ఉంటుంది, పొడిగా కూడా అమ్మవచ్చు, చవకగా పెంచవచ్చు. అందుకే చాలా ఉత్పత్తుల్లో ఉండేది అదే. బాసిల్లస్ చెడ్డదని కాదు. తొట్టి అడుగున చేరే మడ్డిని, మలాన్ని విడగొట్టడంలో అది పనికొస్తుంది. కానీ ఆ విడగొట్టే పనిలో అమ్మోనియా ఇంకా విడుదలవుతుందే తప్ప, నైట్రోస్పైరా చేయవలసిన పనిని అది చేయదు. పూర్తిగా వేరు వేరు పనులు చేసే ఈ రెండు వర్గాలనూ ‘మేలు చేసే బాక్టీరియా’ అన్న ఒకే మాట కింద అమ్మడమే మొత్తం గందరగోళానికి మూలమని నా గట్టి నమ్మకం. నేను మొదట పోసిన సీసాలో ఏముందో నాకు ఇప్పటికీ తెలియదు, ఎందుకంటే దాని మీద రాయలేదు.

తయారీదారులను నేను అడిగేది పెద్ద కోరికేమీ కాదు. లోపల ఉన్న జాతుల పేర్లు, తయారైన తేదీ, ఎప్పటిలోగా వాడాలో, ఎంత వేడిలో నిలవ చేయాలో, మంచినీటికా ఉప్పునీటికా, ఒక మోతాదు ఎన్ని లీటర్ల తొట్టిలో ఎంత అమ్మోనియాను ఎన్ని గంటల్లో మార్చగలదో సీసా మీద అచ్చు వేయాలి. పాల ప్యాకెట్ మీద తేదీ వేయగలిగినవాళ్లం, ప్రాణమున్న సరుకు మీద తేదీ వేయలేమా?

వాడేవారి బాధ్యత కూడా తక్కువేమీ కాదు. కుళాయి నీటిలో క్లోరిన్ కలిపేదే సూక్ష్మజీవులను చంపడానికి, మంచి బాక్టీరియాను అది వేరుగా చూడదు. నీటిని ఒక రోజు తెరిచి ఉంచితే మామూలు క్లోరిన్ చాలావరకు ఎగిరిపోతుంది కానీ క్లోరిన్, అమ్మోనియా కలిసిన క్లోరమిన్ అంత తేలిగ్గా పోదు. సోడియం థయోసల్ఫేట్ లాంటి విరుగుడు కలిపాకే సీసా తెరవాలి. అమ్మోనియా మార్చే ఈ జీవులు నీటిలో తేలుతూ కాక ఏదో ఒక ఉపరితలాన్ని పట్టుకుని పొరలా పెరుగుతాయి కనుక, మందును నీటిలో అక్కడక్కడా చల్లేకన్నా సీసాను బాగా కుదిపి నేరుగా ఫిల్టర్ స్పాంజి మీద, సిరామిక్ ముక్కల మీద పోయడం మేలు. నీటిలోని క్రిములను చంపే అతినీలలోహిత దీపం ఉంటే ఆ రోజుల్లో ఆపేయాలి. ఫిల్టర్‌ను మాత్రం రాత్రింబవళ్లు ఆపకూడదు. ఒక మిల్లీగ్రాము అమ్మోనియా నత్రజనిని నైట్రేట్‌గా మార్చడానికి ఈ బాక్టీరియాకు సుమారు నాలుగున్నర మిల్లీగ్రాముల ఆక్సిజన్ కావాలి. అదే పనిలో నీటిలోని క్షారత్వం కూడా ఖర్చయిపోతుంది. లవణాలు తక్కువగా ఉన్న మెత్తని నీటిలో పీహెచ్ 6 కన్నా దిగజారితే పని దాదాపు నిలిచిపోతుంది, మనమేమో మందు పనిచేయలేదనుకుంటాం.

అన్నిటికన్నా ఎక్కువమంది మరచిపోయేది, ఈ బాక్టీరియాకు మేత అమ్మోనియాయే అన్న సంగతి. ఖాళీ నీటిలో మందు పోసి పది రోజులు ఎదురుచూస్తే అది ఆకలితో మాడుతుందే తప్ప పెరగదు. అలాగని చేపలను ఎరగా వదలనక్కరలేదు. సువాసనలు, సబ్బు కలపని అమ్మోనియా ద్రావణాన్ని చుక్కలు చుక్కలుగా కలిపి, పరీక్షలో 2 పీపీఎం, అంటే లీటరుకు 2 మిల్లీగ్రాములు, వచ్చేదాకా తెచ్చి ఆపితే చాలు. 5 పీపీఎం దాటితే పెరుగుదలకే అడ్డు. రెండోసారి నేను చేసింది ఇదే, ఈసారి జాతుల పేర్లు, తేదీ స్పష్టంగా ఉన్న సీసా వెతికి తెచ్చాను. తొమ్మిదో రోజున అమ్మోనియా గొట్టం పసుపు రంగులోనే నిలిచింది, నైట్రైట్ గొట్టం మాత్రం ముదురు ఊదా, అంటే నైట్రైట్ ఇంకా ఎక్కువగానే ఉంది. అప్పుడే చేపలను వదిలేయాలని చేతులు లాగాయి. ఆగాను. పదహారో రోజు సాయంత్రం మళ్లీ 2 పీపీఎం వరకు అమ్మోనియా కలిపి, మర్నాడు అదే వేళకు చూస్తే ఒక గొట్టం పసుపు, ఇంకోటి లేత నీలం, అంటే రెండూ సున్నా. పోగుపడిన నైట్రేట్ పోవడానికి సగానికి పైగా నీరు మార్చి, అప్పుడు మూడంటే మూడు చేపలను వదిలాను.

సీసా కన్నా నమ్మకమైనది ఇంకొకటి ఉంది, దాన్ని ఎవరూ ప్రచారం చేయరు. ఆరోగ్యంగా నడుస్తున్న పాత తొట్టి ఫిల్టర్ నుంచి తీసిన ఒక స్పాంజి ముక్క. తడి ఆరకుండా తెచ్చి మన ఫిల్టర్‌లో పెడితే, స్థిరపడిన బాక్టీరియా పొర మొత్తం దానితోనే వస్తుంది. రోగాలు కూడా దానితోనే రావచ్చు కనుక, కొన్ని నెలలుగా ఏ జబ్బూ లేని తొట్టి నుంచి మాత్రమే తీసుకోవాలి.

ఒకసారి తొట్టి స్థిరపడిన తరవాత వారం వారం సీసా పోయవలసిన పని సాధారణంగా ఉండదు. చేయకూడని పని మాత్రం ఒకటుంది. స్పాంజి మురికిగా కనిపించిందని కుళాయి కింద పెట్టి తెల్లగా వచ్చేదాకా పిండడం. నెలల తరబడి పెరిగిన పొర ఐదు నిమిషాల్లో పోతుంది. తొట్టి నుంచి తీసిన నీటినే బకెట్‌లో పట్టి, అందులో రెండు మూడుసార్లు నొక్కి వదిలితే చాలు. చేపలున్న తొట్టిలో ఎప్పుడైనా అమ్మోనియా కనిపిస్తే మొదట చేయవలసింది క్లోరిన్ తీసిన నీటితో నీరు మార్చడం, ఒకటి రెండు రోజులు మేత ఆపడం. నేను చేసినట్టు ఇంకో మూత మందు పోసి కూర్చోవడం కాదు. బాక్టీరియా పెరిగేదాకా ఆగే వ్యవధి ఆ చేపలకు ఉండదు.

మీ పత్రికలో ఇంటి అలంకరణ గురించి, పిల్లల అభిరుచుల గురించి రాసేటప్పుడు అక్వేరియం ప్రస్తావన వస్తే, తొట్టి కొన్న రోజే చేపలు కొనవద్దన్న ఒక్క వాక్యం తప్పక చేర్చమని వేడుకుంటున్నాను. అమ్మేవారికి కూడా నా విన్నపం ఒకటే. కొత్తగా వచ్చినవారి చేతిలో బాక్టీరియా సీసా పెట్టేటప్పుడు దానితో పాటు అమ్మోనియా, నైట్రైట్ పరీక్ష కిట్ కూడా పెట్టండి. చేపలను మాత్రం ఆ రెండు గొట్టాలూ సున్నా చూపించాక, మళ్లీ వచ్చి తీసుకువెళ్లమని చెప్పండి.

భవదీయుడు,
ఒక అక్వేరియం అభిమాని