పతకాల వెనక రక్తం కథ

సంపాదకులకు నమస్కారం.

క్రీడాకారుల జీవిత చిత్రాలపై మీరు వేసిన వ్యాసం బాగుంది. కానీ ఆ చిత్రాలన్నీ ఒకే మూసలో నడుస్తాయి: పేదరికం, కఠోర శ్రమ, చివర్లో పతకం. ఫిన్లాండ్ స్కీయింగ్ (మంచుపై పలకలతో జారుతూ సాగే పరుగు పోటీ) వీరుడు ఈరో మాంటిరాంటా జీవితాన్ని తెరకెక్కిస్తే ఆ మూస పనిచేయదు.

ఒలింపిక్స్‌లో ఆయనవి 7 పతకాలు, అందులో 3 స్వర్ణాలు. 1964 ఇన్స్‌బ్రుక్ క్రీడల్లో 15 కిలోమీటర్ల పోటీని దాదాపు 40 సెకన్ల తేడాతో గెలిచారు. అప్పుడు ఒక్కొక్కరినీ కాస్త వ్యవధి ఇచ్చి వదిలేవారు. అంటే తెరపై పక్కపక్కన పోటీ ఉండదు. మంచులో ఒంటరి మనిషి, గడియారం, అంతే. దర్శకుడికి అదో టెన్షన్!

అసలు చిక్కు వేరే ఉంది. ఆయన రక్తంలో హిమోగ్లోబిన్, అంటే ఒంటికి ఆక్సిజన్ మోసే పదార్థం, లీటరుకు 200 గ్రాములు దాటేది; మామూలు కంటే ఇది చాలా ఎక్కువ. మొహం ఎర్రగా కందినట్టు ఉండేది. అలసట తెలియకుండా పరుగెత్తడానికి రక్తం ఎక్కించుకుంటున్నాడని అనుమానించారు. అది పుట్టుకతో వచ్చిన జన్యు మార్పని, బంధువుల్లో చాలామందికీ ఉందని 1990లలో శాస్త్రవేత్తలు తేల్చారు. అలాగని ఆయన మచ్చలేని మనిషీ కాదు, 1972లో డోపింగ్ (నిషేధిత మందుల) పరీక్షలో దొరికారు.

ఇందులో ఏ ఒక్కటి దాచినా అది భజనే అవుతుంది. ఇలాంటి చిత్రాలను సమీక్షించేటప్పుడు ఏం చూపారన్నదే కాదు, ఏం వదిలేశారో కూడా మీ సినిమా పేజీలో రాయమని మనవి.

– ఒక పాఠకుడు, వరంగల్