మా అమ్మను ఇంటికి చేర్చిన అందరికీ

పోయిన బుధవారం అమ్మ కువైట్ నుంచి మా ఊరు ఉదయగిరి చేరింది. ఫోన్ చేసిన అందరికీ విడివిడిగా చెప్పలేక ఇక్కడ రాస్తున్నా.

అమ్మ నాలుగేళ్ల కిందట ఇంటిపనికి ఖాదిం వీసా మీద కువైట్ పోయింది. ఎనిమిది నెలలు జీతం ఇవ్వకపోతే ఆ ఇంట్లోంచి బయటికొచ్చేసింది. సేటు పరారీ కేసు పెట్టాడు, అకామా, అంటే అక్కడ ఉండటానికిచ్చే పర్మిట్, పోయింది. పాస్‌పోర్టు ఆయన దగ్గరే. పనివాళ్ల పాస్‌పోర్టు యజమాని దగ్గర పెట్టుకోకూడదని అక్కడ 2015లోనే చట్టం వచ్చింది. అయినా చెకింగ్‌లో దొరికింది అమ్మే.

డిపోర్టేషన్ సెంటర్‌లో 43 రోజులు ఉంది. జైలు శిక్షకైతే ఇన్ని నెలలని లెక్కుంటుంది. అక్కడ అదీ లేదు. ఔట్‌పాస్ (పాస్‌పోర్టు లేనివాళ్లు ఇంటికి రావడానికి మన ఎంబసీ ఇచ్చే కాగితం) రావాలి, టికెట్ దొరకాలి, అప్పుడు పంపుతారు. ఆ టెన్షన్‌తో నానమ్మ అన్నం మానేసింది.

ఔట్‌పాస్ ఇవ్వాలంటే ముందు ఆమె మన దేశం మనిషని తేలాలి. మా హైస్కూల్ సార్ అడిగిన మొదటి మాట: "పాస్‌పోర్టు జిరాక్స్ ఏమన్నా ఉందా అమ్మా?" నానమ్మ రేషన్ కార్డు కవర్లోంచి తీసిచ్చింది. మడతల దగ్గర నంబరు చెరిగిపోయింది. నెట్ సెంటర్ అన్న షాపు మూసే వేళ నన్ను కూర్చోబెట్టి, కాగితం వెనక సెల్ లైటు పెట్టి ఒక్కో అంకె చదివాడు. ఆ రాత్రే, బయటి దేశాల్లో ఇబ్బందిపడే మనవాళ్ల కోసం కేంద్రం పెట్టిన మదద్ పోర్టల్లో కంప్లయింట్ పెట్టాడు. డబ్బులిస్తే తీసుకోలేదు. అన్నా, నీ రుణం ఎట్టా తీర్చుకోవాలో తెలీదు.

కువైట్‌లో ఉన్న కనిగిరి అన్న పనికి సెలవు పెట్టి మూడుసార్లు ఎంబసీకి తిరిగాడు. రాజంపేట అక్క అమ్మకు బట్టలు పంపింది, టికెట్‌కు చందాలు పోగుచేసింది. వాళ్లిద్దరినీ నేనింతవరకు చూడలేదు. ఎంబసీలో మా ఫైలు చూసిన వాళ్లకు కూడా దండాలు.

వేలిముద్రలు తీసుకుని పంపారు, అమ్మ ఇక ఆ దేశం పోవడానికి వీల్లేదు. నేను పోనివ్వను కూడా.

చెన్నై ఎయిర్‌పోర్టులో ఆ ఔట్‌పాస్ కూడా తీసేసుకున్నారు. "ఇంక నా దగ్గర ఏ కాగితమూ లేదు పాపా" అంది అమ్మ, బయటికి రాగానే. నెల్లూరులో ఉదయగిరి బస్సెక్కాం. కండక్టర్ వచ్చి "ఆధార్ చూపించమ్మా" అన్నాడు. ఉచిత టికెట్ కోసమే అడిగాడు. కార్డు అనేసరికి అమ్మ చెయ్యి వణికింది, నా చున్నీ గట్టిగా పట్టుకుంది. నేను ఇంటి దగ్గర్నుంచి తెచ్చిన కార్డు చూపించా. ఆయన అమ్మ మొహం చూసి, కార్డు వెనక్కిచ్చి, జీరో టికెట్ కొట్టి అమ్మ చేతిలోనే పెట్టాడు.

"ఉదయగిరేగా అమ్మా, కూర్చో."

అమ్మ ఆ టికెట్ ఊరు చేరేదాకా గుప్పిట్లోనే పెట్టుకుంది.