రాట్నం నేర్చుకోవడానికి వ్యవధి ఇవ్వండి: సాంస్కృతిక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రాష్ట్ర పర్యాటక, సాంస్కృతిక, సినిమాటోగ్రఫీ శాఖల మంత్రివర్యులకు,

శ్రీకాకుళం నుంచి ఒక రంగస్థల నటి నమస్కరించి రాస్తున్న లేఖ.

కొంతకాలంగా నేను చారిత్రక డాక్యుమెంటరీలలో నటిస్తున్నాను. వాటిలో నాకు వచ్చే పాత్రలకు పేర్లుండవు, చాలాసార్లు మాటలూ ఉండవు. నూలు వడికే స్త్రీ, వడ్లు దంచే స్త్రీ, తిరగలి ముందు కూర్చున్న స్త్రీ నా పాత్రలు. చరిత్రను వ్యాఖ్యాత చెబుతుండగా తెర మీద నా చేతులే కనిపిస్తాయి కనుక, ముఖంలో భావం పలకడానికి ముందు ఆ చేతులకు పని తెలిసి ఉండాలి. అది నేర్చుకునే వ్యవధి మాకు దొరకడం లేదని మీ దృష్టికి తెస్తున్నాను.

గాంధీజీ మెచ్చిన పొందూరు ఖాదీనే తీసుకోండి. అక్కడ పత్తిని గింజతో ఉండగానే వాలుగ చేప దవడకున్న సన్నని పళ్ళతో దువ్వి, చెక్క మీద ఇనుప కడ్డీతో గింజ తీసి, వింటితో ఏకి, చుట్టిన ఏకులకు దుమ్ము అంటకుండా ఎండిన అరటి దొప్పలో ఉంచుకుని, ఒంటికదురు రాట్నం మీద వడుకుతారు. వీటిలో ఏ ఒక్కటీ చూడగానే చేతికి వచ్చే పని కాదు. దవడను ఎంత తేలికగా పట్టాలో, ఏకును వేళ్ళ మధ్య నుంచి ఎప్పుడు వదలాలో అక్కడి అమ్మలకు తెలుసు. ఒక చిత్రం షూటింగులో ఉదయాన్నే నా ముందు రాట్నం పెట్టి, తిప్పితే చాలన్నారు. పోగు నిలవలేదు. తెగిన పోగు కనబడకుండా కెమెరాను నా ముఖం మీదికి తిప్పారు. ఆ చిత్రం చూసినవారికి పొందూరు పనితనంలో ఏమి తెలిసి ఉంటుంది?

వస్తువుల విషయంలోనూ ఇంత జాగ్రత్త కావాలి. వంశధార ఒడ్డున శాలిహుండంలో బౌద్ధ భిక్షువులు నివసించిన కాలాన్ని చూపే దృశ్యంలో వంటింట ఎండుమిరపకాయలు పెడితే అది తప్పే, ఎందుకంటే మిరప మన దేశానికి 16వ శతాబ్దంలో పోర్చుగీసువారి వెంట వచ్చింది. బడిపిల్లలు ఈ చిత్రాలను పాఠంగానే చూస్తారు. ఇక బొబ్బిలి అనగానే 1757 నాటి యుద్ధాన్నే తీస్తారు తప్ప, ఆ కోటలో ధాన్యం దంచినవారిని, నీళ్ళు మోసినవారిని తీయాలన్న ఆలోచన అరుదు. నాకైతే వారి పాత్ర వేయాలని ఎంతో కోరిక.

ప్రభుత్వ నిధులతో తీసే ప్రతి చారిత్రక డాక్యుమెంటరీకీ, చిత్రీకరణకు ముందు నటీనటులు ఆ వృత్తి చేసేవారి ఇంటికే వెళ్ళి నేర్చుకునే రోజులను వేతనంతో కేటాయించాలి. నేర్పినవారికి పారితోషికం ఇచ్చి, వారి పేర్లను కూడా టైటిళ్ళలో వేయాలి. పొందూరులో వడికేవారిలో వయసు మళ్ళినవారే ఎక్కువ కనుక ఇందులో జాప్యం తగదు. ఇకపై మీ శాఖ నిధులు మంజూరు చేసే ఉత్తర్వులలోనే ఈ షరతులను చేర్చవలసిందిగా సవినయంగా కోరుతున్నాను.

భవదీయురాలు,
ఒక రంగస్థల నటి,
శ్రీకాకుళం