డిసెంబాడీ అంటేనే భయం: రక్షణ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రక్షణ శాఖ మంత్రి గారికి నమస్కారం.

మాది చిత్తూరు జిల్లా బంగారుపాళెం మండలం. బయట పని చేసుకుంటూ, పిలిచినప్పుడు పోయి డ్యూటీ చేసే టెరిటోరియల్ ఆర్మీలో 13 ఏళ్ళు ఉండి, నాయక్ ర్యాంకులో బయటికొచ్చేశాను. ఎవరూ పంపెయ్యలేదు, నేనే వద్దనుకున్నా. మీకు తెలుగు రాదని తెలుసు. కానీ నేను కాశ్మీర్‌లో నేర్చుకున్న హిందీ ఆర్మీ వంటశాలలో రొట్టె అడగడానికి, సెంట్రీని కేకెయ్యడానికి పనికొస్తుంది గానీ ఇలాంటి మాటలకు చాలదు. మీ ఆఫీసులో చదివి చెప్పే మనవాళ్ళు ఒకరిద్దరైనా ఉండకపోరు.

2025 మే నెలలో మీ శాఖ ఒక ఉత్తర్వు ఇచ్చింది. అవసరమైతే టెరిటోరియల్ ఆర్మీలో ఆఫీసర్ల దగ్గర్నుంచి జవాన్ల దాకా అందరినీ పిలిపించుకునే అధికారం ఆర్మీ చీఫ్‌కు ఇచ్చారు. ఉన్న 32 ఇన్‌ఫాంట్రీ బెటాలియన్లలో 14 బెటాలియన్లను డ్యూటీలోకి దించొచ్చన్నారు. టీవీలో ఆ వార్త వచ్చిన సాయంత్రం మా ఊరి టీ అంగడి దగ్గర అందరూ నావైపే చూశారు.

"ఏమప్పా, నిన్ను గూడా పిలస్తారా?"

"నేను వచ్చేసినా కదా మామా."

"భయమేసి వచ్చేసినావా ఏంది?"

నవ్వేసి ఊరుకున్నా. అప్పుడు చెప్పని జవాబు ఇప్పుడు మీకు రాస్తున్నా.

మీకు తెలిసిందే అయినా, ఇది చదివే మావాళ్ళ కోసం చెప్పాలి. ఇందులో చేరాలంటే బయట ఏదో ఒక బతుకుతెరువు ఉండాలి. ఏటా రెండు నెలలు ట్రైనింగ్ క్యాంపు. అవసరమొస్తే పిలిచి రెగ్యులర్ ఆర్మీతో పాటు డ్యూటీలో పెడతారు. దాన్ని ఎంబాడీ అంటాం. అది రెండేళ్ళు కావచ్చు, మూడేళ్ళు కావచ్చు. ఉన్నన్నాళ్ళు రెగ్యులర్ జవానుతో సమానంగా జీతం. అవసరం తీరాక ఇంటికి పంపుతారు. అది డిసెంబాడీ. ఆ మర్నాటి నుంచి ఒక్క రూపాయి రాదు. "ధోనీ ఉండేది మీ దాంట్లోనే కదా?" అని పిల్లోళ్ళు గొప్పగా అడుగుతారు. అవును, 2011 నుంచి ఆయన గౌరవ లెఫ్టినెంట్ కల్నల్. 2019లో కాశ్మీర్‌కొచ్చి బెటాలియన్‌తో పాటు డ్యూటీ కూడా చేశాడు. క్యాంపు అయిపోతే ఆయనకు ఐపీఎల్ ఉంది. నాకుండేది మామిడి గుజ్జు ఫ్యాక్టరీలో బాయిలర్ దగ్గర పని.

మా జిల్లాలో తోతాపురి కాయ జూన్‌లో మొదలై ఆగస్టుకు అయిపోతుంది. ఏడాది సంపాదనంతా ఆ మూడు నెలల్లోనే. గేటు బయట ట్రాక్టర్లు రాత్రంతా వరసలో ఉంటాయి, లోపల బాయిలర్ ఆగకూడదు. ఒక సంవత్సరం నాకు క్యాంపు కాగితం సరిగ్గా జూన్ రెండో వారంలో వచ్చింది. దాన్ని మడిచి చొక్కా జేబులో పెట్టుకుని మేనేజర్ దగ్గరికి పోయినా. ఆయన చెడ్డవాడేం కాదు. కాగితం అటూ ఇటూ తిప్పి చూసి, "దీంట్లో నా పేరు గానీ, మన కంపెనీ పేరు గానీ యాడుందన్నా? ఇది నీకొచ్చిన జాబు. నువ్వే తేల్చుకో" అన్నాడు. నేను క్యాంపుకే పోయినా. తిరిగొచ్చేసరికి బాయిలర్ దగ్గర వేరే మనిషి. ఆ ఏడు మా ఇంట్లో సీజన్ లేదు.

మిలిటరీ సర్వీసుకు పిలిచిన మనిషిని, అది ముగిశాక యజమాని మళ్ళీ పనిలోకి తీసుకోవాలని మీ 1948 టెరిటోరియల్ ఆర్మీ చట్టంలోనే రాసుంది. బాగానే ఉంది. మూడు నెలల కూలికి వచ్చేవాడు ఆ చట్టం పట్టుకుని ఏ కోర్టు మెట్లెక్కుతాడు సార్?

నాతో పాటే చేరిన స్నేహితుడొకడు రేణిగుంటలో రైల్వే ఉద్యోగి. పిలుపొస్తే వాడికి సెలవు దొరుకుతుంది. తిరిగొస్తే కుర్చీ, క్వార్టరు ఎక్కడివక్కడే. వాడు ఇంకా సర్వీసులోనే ఉన్నాడు, ఉంటాడు కూడా. ఇద్దరం ఒకే బంకర్లో మంచుకు వణికినోళ్ళమే. దేశభక్తిలో వాడు నాకంటే ఒక చెంచా ఎక్కువేం కాదు.

ఇక పెన్షన్. జవానుకు పెన్షన్ రావాలంటే 15 ఏళ్ళ ఎంబాడీ సర్వీసు కావాలి. ఆర్మీ జాబితాలో నా పేరు 13 ఏళ్ళు ఉంది. ఎంబాడీ లెక్క తీస్తే ఐదేళ్ళ నాలుగు నెలలు. మా అమ్మ ముందే అనింది: "ఏ పొద్దు పిలస్తారో, ఏ పొద్దు పంపిస్తారో తెలీని పని ఏం పని నైనా?" అందుకే మాలో చాలామందికి కాశ్మీర్ డ్యూటీ అంటే భయం లేదు, పోతే సర్వీసన్నా కలిసొస్తుంది. భయమంతా డిసెంబాడీ ఆర్డరంటేనే. దాన్ని చదివి వినిపించిన రోజు బ్యారక్‌లో ఎవడూ కార్డ్స్ ఆడలేదు. ట్రంకు పెట్టెలు సర్దుకుంటూ ఎవడి ఫోన్లో వాడు అప్పుల లెక్కలు చూసుకున్నాడు.

పెద్ద కోరికలేం కోరను. ఏడాది క్యాంపు తేదీలు ఉగాదికి ముందే చెప్పండి. మా రైతులకూ కూలీలకూ సంవత్సరం అక్కడ్నుంచే మొదలు. యుద్ధం చెప్పి రాదు, నిజమే, కానీ ట్రైనింగ్ చెప్పి రావచ్చు కదా. పిలిచేటప్పుడు జవానుకు ఒక కాగితం పంపితే, అతని యజమానికి ఇంకొకటి పంపండి, చట్టంలోని ఆ సెక్షన్‌తో సహా, సీలుతో సహా. మేం బతిమాలితే ఒక మాట, కమాండింగ్ ఆఫీసర్ సంతకం ఉంటే ఇంకో మాట. డిసెంబాడీ చేసేటప్పుడు కనీసం మూడు నెలల ముందు చెప్పండి, పని వెతుక్కుంటాం. పెన్షన్ సంగతి మీ లెక్కల వాళ్ళతో మాట్లాడి, 15 ఏళ్ళు నిండనివాళ్ళకు ఎంతో కొంత దామాషాలో ఇచ్చే దారి చూడండి.

మా తమ్ముడి కొడుక్కి 22 ఏళ్ళు. తిరుపతి దగ్గర సెల్‌ఫోన్ విడిభాగాల కంపెనీలో చేస్తున్నాడు. టెరిటోరియల్ ఆర్మీకి అప్లై చేస్తానంటున్నాడు. పొద్దున్నే లేచి పరిగెత్తుతున్నాడు, నా పాత బూట్లు పాలిష్ చేసి పెట్టుకున్నాడు. కంపెనీలో మాత్రం ఇంకా చెప్పలేదు. చెబితే కాంట్రాక్టు మళ్ళీ రాయరేమోనని వాడి టెన్షన్.

ఇట్లు,
ఒక మాజీ నాయక్,
బంగారుపాళెం మండలం, చిత్తూరు జిల్లా