ఉద్దానం నీళ్ళు, భూటాన్ డబ్బు

శ్రీకాకుళం

ప్రియ మిత్రమా,

నీ ఉత్తరం అందింది. పెద్దన్నయ్యకు వారానికి రెండుసార్లు డయాలసిస్ చేయిస్తున్నారని చదివాక చాలాసేపు ఏ పనీ చేయబుద్ధి కాలేదు. మనం విజయనగరం మహారాజా కాలేజీలో చదివే రోజుల్లో ఆయన కవిటి నుంచి కొబ్బరికాయల బస్తా భుజాన వేసుకుని బస్సు దిగేవాడు. మన గదిలో వాళ్ళకే కాదు, హాస్టలులో అందరికీ పంచి వెళ్ళేవాడు. అంతటి మనిషి మంచం పట్టాడంటే మనసు ఒప్పుకోవడం లేదు. ఈ ఆదివారం కవిటి వెళ్ళి చూసి వస్తాను. ఈలోగా వదినగారికి ఫోను చేసి నా మాటగా ధైర్యం చెప్పు.

ఆ బాధలోనే నువ్వు ఇంకో మాట రాశావు. "మా ఉద్దానంలో జనం మంచినీళ్ళు లేక చస్తుంటే భూటాన్‌కూ, మాల్దీవులకూ, శ్రీలంకకూ మన డబ్బు ఎందుకు? అమెరికా అంతటిది ఆపేసింది, మనమూ ఆపేయాలి" అన్నావు. నీ కోపం న్యాయమైనది. అయితే అది తగలవలసిన చోట తగలడం లేదని నాకు గట్టిగా అనిపిస్తోంది. అందుకే ఇంత పొడుగు ఉత్తరం. విసుక్కోకుండా చదువు.

ముందు లెక్క చూద్దాం. 2025–26 కేంద్ర బడ్జెట్‌లో ఇతర దేశాల సాయానికి కేటాయించింది సుమారు 5,483 కోట్లు. అందులో భూటాన్‌కు 2,150 కోట్లు, నేపాల్‌కు 700, మాల్దీవులకు 600, శ్రీలంకకు 300. మొత్తం బడ్జెట్ 50 లక్షల కోట్లు దాటింది. అంటే ప్రభుత్వం ఖర్చు పెట్టే ప్రతి నూరు రూపాయల్లో ఇలా బయటికి వెళ్ళేది పదకొండు పైసలు. హిరమండలం జలాశయం నుంచి పైపుల్లో ఉద్దానానికి వంశధార నీళ్ళు తెచ్చిన పథకానికి అయింది దాదాపు 700 కోట్లు. ఆ పథకం 2023 డిసెంబరులో గానీ ప్రారంభం కాలేదు. అంతకు ఎన్నో ఏళ్ళ ముందునుంచే అక్కడి కిడ్నీ జబ్బు గురించి డాక్టర్లు మొత్తుకుంటున్నారు, ఇంటింటా మనుషులు పోతూనే ఉన్నారు. అన్నాళ్ళూ 700 కోట్లు దొరకక ఆగిందంటావా? జీడితోటలో కూలికి వెళ్ళి బోరు నీళ్ళు తాగి వచ్చే మనిషి మాట ఎవరికీ వినపడలేదు. భూటాన్‌కు ఇచ్చేది ఆపి ఉంటే కవిటికి ఒక్కరోజు ముందైనా నీళ్ళు వచ్చేవని నేను నమ్మను.

ఇంకో సంగతి. ఈ కిడ్నీ జబ్బు మన ఒక్కరిదే కాదు. శ్రీలంకలో అనురాధపురం, పొలొన్నరువ వైపు వరి రైతులకు ఇదే ఉంది. మధ్య అమెరికాలో ఎల్ సాల్వడార్, నికరాగ్వా చెరకు తోటల కూలీలకూ ఇలాంటిదే. షుగరు లేదు, బీపీ లేదు, కానీ నడివయసుకే కిడ్నీలు పోతాయి. కారణం ఇప్పటికీ పూర్తిగా తేలలేదు. నీళ్ళంటారు, మండుటెండలో చాకిరీ అంటారు, పురుగుమందులంటారు. అన్నిచోట్లా రోగులు ఎండలో పనిచేసే పేదలే కాబట్టి, లాభం చూసుకునే మందుల కంపెనీ ఏదీ దీని మీద డబ్బు పెట్టదు. పొలొన్నరువలో చైనా కట్టించిన కిడ్నీ ఆసుపత్రి 2021లో తెరిచారు. మన పలాసలో 200 పడకల ఆసుపత్రి, పరిశోధన కేంద్రం వచ్చాయి. ఈ రెండు చోట్ల డాక్టర్లూ తమ రికార్డులు పక్కపక్కన పెట్టుకుని చూడటానికి మన ప్రభుత్వం నాలుగు కోట్లు ఖర్చు పెడితే అది శ్రీలంకకు చేసిన సాయమా, పెద్దన్నయ్యకు చేసిన సాయమా? నాకైతే తేడా కనిపించడం లేదు.

మనం సాయం తిని పెరిగిన తరం. బడిలో మధ్యాహ్నం పెట్టిన పసుపుపచ్చని రవ్వ ఉప్మా గుర్తుందా? పాలపొడి కలిపిన పాలు? బస్తాల మీద రెండు చేతులు కలుపుకున్న బొమ్మ ఉండేది. కేర్ సంస్థ ద్వారా వచ్చిన అమెరికా సరుకు అది. మా వీధిలో ఆ ఉప్మా కోసమే బడికి వచ్చే పిల్లలు ఉండేవారు. అందుకే ఆహార సాయాన్ని ఎవరైనా తేలిగ్గా మాట్లాడితే నాకు కష్టంగా ఉంటుంది.

కానీ ఆ బస్తా వెనక ఉన్న కథ కూడా చెప్పుకోవాలి. అమెరికాలో మిగులు గోధుమలను బయటి దేశాలకు పంపడానికి 1954లో పీఎల్-480 చట్టం చేశారు. మనం డాలర్లు లేక రూపాయల్లో కొనుక్కున్నాం. 1965, 66లో వరసగా కరువు వచ్చింది. 1966లో మనం కోటి టన్నులకు పైగా తిండిగింజలు దిగుమతి చేసుకున్నాం. అదే సమయంలో అమెరికా అధ్యక్షుడు జాన్సన్ ఏడాదికి సరిపడా ఒకేసారి ఒప్పుకోకుండా, కొద్దికొద్దిగా, ఆపి ఆపి వదిలాడు. మన వ్యవసాయ విధానం ఎలా ఉండాలో, వియత్నాం యుద్ధం గురించి మనం ఏం మాట్లాడాలో కూడా ఆ ఓడల కదలికను బట్టి తేలాలన్న ధోరణి అది. ఆ ఏడాది జూన్ 6న రూపాయి విలువ తగ్గించారు. డాలరు 4 రూపాయల 76 పైసల నుంచి 7 రూపాయల 50 పైసలకు పోయింది. అప్పులిచ్చేవాళ్ళ ఒత్తిడి దాని వెనక ఉంది. రైతుల పొలాల్లో ఇప్పటికీ పీకి పారేస్తున్న వయ్యారిభామ కూడా ఆ గోధుమలతోనే దిగిందని పెద్దవాళ్ళు అంటారు.

అదే 1966లో మెక్సికో నుంచి 18,000 టన్నుల గోధుమ విత్తనాలు తెప్పించుకున్నాం. ఫిలిప్పీన్స్‌లో ఫోర్డ్, రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ల డబ్బుతో నడిచిన వరి పరిశోధన సంస్థ ఐఆర్-8 అనే వరి వంగడం విడుదల చేసింది. మరుసటి ఏడాదే పశ్చిమ గోదావరి జిల్లా ఆచంటలో నెక్కంటి సుబ్బారావు గారు దాన్ని పండించి దేశానికి చూపించారు. తిండి ఓడ ఎప్పుడు వస్తుందో ఢిల్లీ ఎదురుచూడవలసి వచ్చింది. విత్తనం ఒకసారి మన రైతు గాదెలోకి వచ్చాక ఎవరూ వెనక్కి తీసుకోలేకపోయారు. నేను సాయాన్ని చూసే చూపంతా ఇక్కడి నుంచే వచ్చింది. ఎంత ఇచ్చారన్నది తర్వాత. దాని పెత్తనం చివరికి ఎవరి చేతిలో మిగిలిందన్నది ముందు చూస్తాను.

మన జిల్లాల్లోనే దీనికి ఇంకా మంచి ఉదాహరణ ఉంది. 2000లో ప్రపంచ బ్యాంకు అప్పుతో ఆరు జిల్లాల్లో పేదరిక నిర్మూలన పథకం మొదలుపెట్టారు. శ్రీకాకుళం, విజయనగరం రెండూ అందులో ఉన్నాయి. దాని పేరే వెలుగు. తర్వాత ఇందిరా క్రాంతి పథం అన్నారు, ఇంకేవో పేర్లు వచ్చాయి, కానీ మా వైపు ఇప్పటికీ అది వెలుగు ఆఫీసే. మా వదిన అప్పట్లో గ్రామ సంఘం అధ్యక్షురాలు. ఏడో తరగతితో చదువు ఆపేసిన మనిషి. ఏ కుటుంబానికి గేదె కొనడానికి అప్పు ఇవ్వాలి, ఎవరికి ఈసారి ఆగమని చెప్పాలి, వాయిదా కట్టలేకపోయిన ఆమె ఇంట్లో నిజంగా ఏం జరిగింది, ఇవన్నీ ఆ ఆడవాళ్ళే చాప మీద కూర్చుని తేల్చేవారు. తీర్మానాల పుస్తకం వాళ్ళ దగ్గరే ఉండేది. తనిఖీకి వచ్చిన అధికారి ఆ పుస్తకం వాళ్ళను అడిగి తీసుకుని చూసేవాడు. ఒకసారి ఒక పెద్దమనిషి తన వాళ్ళకు అప్పు ఇప్పించమని కబురు పంపితే, సంఘంలో పెట్టి అందరూ ఒప్పుకుంటే చూద్దామని మా వదిన చెప్పి పంపింది. ఆ అప్పు మంజూరు కాలేదు. ప్రపంచ బ్యాంకు మనుషులు వెళ్ళిపోయారు, సంఘాలు మిగిలాయి. 2011లో దేశమంతటికీ గ్రామీణ జీవనోపాధి మిషన్ పెట్టినప్పుడు మన సంఘాల పద్ధతినే నమూనాగా తీసుకున్నారు.

ఇప్పుడు అదే బ్యాంకు, అదే రాష్ట్రం, అవే సంవత్సరాలు. 1999లో విద్యుత్ సంస్కరణలకు 21 కోట్ల డాలర్ల అప్పు ఇచ్చారు. షరతులు వాషింగ్టన్‌కూ హైదరాబాదుకూ మధ్య కూర్చుని రాసుకున్నవి. ఛార్జీలు పెరిగాయి. జనం రోడ్డెక్కారు. 2000 ఆగస్టు 28న బషీర్‌బాగ్‌లో పోలీసు కాల్పులు జరిగి ఆందోళనకారులు చనిపోయారు. కరెంటు బోర్డు నష్టాలు నిజమే, ఏదో ఒకటి చేయవలసిందే. కానీ ఆ బిల్లు కట్టవలసిన రైతును ఆ గదిలోకి ఎవరు పిలిచారు? ఇంతకంటే దగ్గరి రుజువు నాకు ఇంకేదీ అక్కర్లేదు.

ఆఫ్రికాకు ఇన్నేళ్ళు ఇచ్చినా ఏమైంది అని అడిగావు కదా. మలావి సంగతి చూడు. దాతల ఒత్తిడితో ఎరువుల సబ్సిడీ కుదించుకుంటూ వచ్చారు. 2002లో కరువు వచ్చి జనం ఆకలితో చచ్చిపోయారు. 2005లో అధ్యక్షుడు బింగు వా ముథారికా దాతలు వద్దంటున్నా వినకుండా, చిన్న రైతులకు ఎరువు, విత్తనం చౌకగా ఇవ్వడానికి కూపన్లు పంచాడు. వానలు కూడా కలిసివచ్చాయి. రెండేళ్ళలో మొక్కజొన్న పొరుగు దేశానికి అమ్మే స్థితికి వచ్చింది. తమ రైతులకు వేల కోట్ల డాలర్ల సబ్సిడీలు ఇచ్చుకునే దేశాలు మలావి రైతుకు ఒక యూరియా బస్తా మీద తగ్గింపు వద్దనడం నాకు ఎప్పటికీ మింగుడుపడదు. ఈ కథలో చెడిపోయింది షరతు. మలావికి సాయం అక్కర్లేదని దీనివల్ల తేలదు.

ఇక అమెరికా ఆపేసిన సంగతి. 2025 జనవరి 20న విదేశీ సాయాన్ని 90 రోజుల పాటు నిలిపేస్తూ ఉత్తర్వు వచ్చింది. మార్చి నాటికి 83 శాతం కార్యక్రమాలు రద్దు చేశామని విదేశాంగ మంత్రి రూబియో చెప్పాడు. 1961లో పెట్టిన అమెరికా సాయ సంస్థ యూఎస్ఎయిడ్ జూలై 1 నుంచి సాయం నడపడం ఆపేసింది. 2003లో జార్జ్ బుష్ మొదలుపెట్టిన ఎయిడ్స్ పథకం మందుల మీద రెండు కోట్ల మందికి పైగా ఆధారపడి ఉన్నారు. ఆ మాత్ర రోజూ వేసుకోవాలి. ఆపితే వైరస్ మళ్ళీ లేస్తుంది, గర్భిణి అయితే బిడ్డకు సోకుతుంది. మన రెండు జిల్లాల్లో కుష్టు ఎంతగా ఉండేదో నీకు తెలుసు. సాలూరు ఆసుపత్రి ముందు కూర్చున్న మనుషులను చూసే ఉంటావు. కుష్టుకు వాడే మందులు 1995 నుంచి ప్రపంచ ఆరోగ్య సంస్థ ద్వారా ఉచితంగా వచ్చాయి, మొదట జపాన్ నిప్పాన్ ఫౌండేషన్ డబ్బుతో, తర్వాత నోవార్టిస్ కంపెనీ నుంచి. చికిత్స మధ్యలో ఎవరో దూరదేశంలో కాగితం మీద సంతకం పెట్టి అవి ఆపేసి ఉంటే మన వాళ్ళ వేళ్ళు ఏమయ్యేవి? ఏళ్ళ గడువు చెప్పి, ఆ దేశపు ఆసుపత్రులకు అప్పగించి తప్పుకోవడం ఒక పద్ధతి. రాత్రికి రాత్రి తాళం వేయడం క్రూరత్వం. దాన్ని మనం మెచ్చుకోకూడదు, అనుకరించకూడదు.

బ్రిటన్ కూడా అదే దారిలో ఉంది. ధనిక దేశాలు తమ జాతీయాదాయంలో 0.7 శాతం ఇవ్వాలని ఐక్యరాజ్యసమితిలో 1970లోనే అనుకున్నారు. బ్రిటన్ 2013లో అక్కడికి చేరి, 2021లో 0.5కు దిగి, 2027కు 0.3 చేస్తామంటోంది. ఆ డబ్బు రక్షణ ఖర్చుకట. 2024లో ధనిక దేశాలన్నీ కలిపి ఇచ్చింది సుమారు 21,200 కోట్ల డాలర్లు. అదే ఏడాది వలసపోయిన కూలీలు, ఉద్యోగులు పేద, మధ్యస్థాయి దేశాల్లోని తమ ఇళ్ళకు పంపింది దాదాపు 68,500 కోట్ల డాలర్లు! మన సోంపేట, కంచిలి కుర్రవాళ్ళు గల్ఫ్‌లో వెల్డింగ్ చేసి పంపే డబ్బు ఇందులోనిదే. ఇలా పంపే సొమ్ములో సగటున ఆరు శాతానికి పైగా రుసుములకే పోతోంది. దాన్ని సగానికి తగ్గిస్తే ఏ దాతా అక్కర్లేకుండానే వేల కోట్ల డాలర్లు ఇళ్ళకు చేరతాయి.

మన దేశాన్ని కూడా నేను వదలను. 1964 నుంచి ఇతర దేశాల ఉద్యోగులను పిలిచి శిక్షణ ఇస్తున్నాం, అది మంచి పని. కానీ మన ప్రభుత్వ ఎగుమతి-దిగుమతి బ్యాంకు (ఎగ్జిమ్) ద్వారా ఇతర దేశాలకు ఇచ్చే అప్పుల్లో మామూలుగా 75 శాతం సరుకులు, సేవలు మన దగ్గరే కొనాలన్న నిబంధన ఉంది. అమెరికా ఓడల మీద మనం పడిన బాధ మనమే మరిచిపోతే ఎలా? భూటాన్‌లో తాలా జలవిద్యుత్ కేంద్రం, 1,020 మెగావాట్లు, 60 శాతం గ్రాంటు, 40 శాతం అప్పుతో కట్టించాం. ఆ కరెంటు మనకే వస్తుంది, వాళ్ళకు ఆదాయం వస్తుంది. తర్వాతి ప్రాజెక్టులకు లెక్క తిరగబడి అప్పు 60, 70 శాతానికి పెరిగింది. 2008లో మొదలుపెట్టిన పునత్సాంగ్‌ఛూ-1 దగ్గర కొండ జారి పని ఏళ్ళ తరబడి నిలిచిపోయింది. వడ్డీ మాత్రం నిలవలేదు. నువ్వు ఢిల్లీని అడగదలిస్తే ఇది అడుగు: ఆ కొండ జారిన ఖర్చు భూటాన్ రైతు ఎందుకు మోయాలి? అలాగే ఉద్దానానికి ఇరవై ఏళ్ళ ఆలస్యం ఎందుకైందో అమరావతిని అడుగు. నేనూ నీతో కలిసి అడుగుతాను.

సిరిమానోత్సవానికి విజయనగరం వస్తానన్నావు. ఒకరోజు ముందుగా శ్రీకాకుళం దిగు. మా వదిన సంఘం సమావేశానికి తీసుకెళతాను, ఆమెతో వాదించి చూడు. పెద్దన్నయ్య రిపోర్టుల నకళ్ళు కూడా తెచ్చుకో. పలాస ఆసుపత్రిలో మంచి డాక్టర్ ఒకరు పరిచయం, ఇద్దరం కలిసి చూపిద్దాం. ఆ భూటాన్ అప్పు గురించి నువ్వేమంటావో మాత్రం అప్పటిదాకా ఆగకుండా రాయి.

నీ
మిత్రుడు