బాఖ్‌మన్‌ను మంటల్లోనే వదిలేశారు

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీ సాహిత్య పుటలో యుద్ధానంతర జర్మన్ సాహిత్యంపై వచ్చిన వ్యాసం చదివాను. హైన్రిష్ బోల్, గుంటర్ గ్రాస్‌ల నవలలను ఓపికగా పరిచయం చేసిన వ్యాసకర్త, ఆస్ట్రియా కవయిత్రి, నవలా రచయిత్రి ఇంగెబోర్గ్ బాఖ్‌మన్ దగ్గరికి వచ్చేసరికి ఆమె అందం, కవి పాల్ త్సెలాన్‌తోనూ స్విస్ రచయిత మాక్స్ ఫ్రిష్‌తోనూ ఆమె ప్రేమలు, 1973లో రోమ్‌లో కాలిన గాయాలతో ఆమె మరణం చెప్పి ఊరుకున్నారు. ఆమె ఏం రాశారో ఒక్క ముక్క లేదు.

తప్పంతా వ్యాసకర్తది కాదు, రచనలను వదిలి ఆమెనే కథగా చేసి చెప్పడం జర్మన్ సాహిత్య లోకంలోనే పుట్టింది. యుద్ధానంతరం ఏర్పడిన 'గ్రూప్ 47' అనే జర్మన్ రచయితల బృందం మొత్తం పదిమందికి బహుమతి ఇస్తే అందులో స్త్రీలు ఇద్దరే: 1952లో ఇల్జె ఐషింగర్, 1953లో బాఖ్‌మన్. మరుసటి ఏడు జర్మన్ వారపత్రిక 'డెర్ ష్పీగెల్' బాఖ్‌మన్‌ను ముఖచిత్రంగా వేసింది. ఆమె కవిత్వం తగ్గించి వచనానికి మళ్లినప్పుడు, దాన్ని పతనంగా లెక్కగట్టిన విమర్శకులూ ఉన్నారు.

ఈ కథను పక్కకు నెట్టి రచనలను చదివినవారిలో సాహిత్య పండితురాలు జీగ్రిడ్ వైగెల్ ముఖ్యులు. స్త్రీ రచయిత ఒక కన్ను తన ప్రత్యేక అనుభవం మీద, రెండోది విశాల సమాజం మీద ఉంచక తప్పదని, దాన్ని 'మెల్లచూపు' అని 1983 నాటి వ్యాసంలో ఆమె పేర్కొన్నారు. (మెల్లకన్ను అదృష్టమని మనవాళ్లంటారు, ఆమె ఉద్దేశంలో అది తప్పని అవస్థ.) 1999లో బాఖ్‌మన్‌పై వెలువరించిన గ్రంథంలో వైగెల్ ఆమెను ప్రేయసిగా కాక, తత్వవేత్త అడోర్నో, యూదు మార్మికతపై పండితుడు షోలెం వంటివారితో ఆలోచనలు పంచుకున్న మేధావిగా నిలబెట్టారు. 'ఉత్తరాల గోప్యతను కాపాడుతూ' అన్న మాటలు ఆ గ్రంథం పేరులోనే ఉన్నాయి.

ఆ గోప్యత బాఖ్‌మన్ రాసిన 'మాలినా' (1971) నవలలోనిదే. ఆస్ట్రియాలోని క్లాగెన్‌ఫుర్ట్ పట్టణంలో క్రానెవిట్సర్ అనే పోస్ట్‌మన్ ఉత్తరాలు పంచడం మానేసి ఇంట్లో పోగేసుకుంటాడు. నవలలోని కథకురాలు, ఉత్తరాల గోప్యతను కాపాడినవాడిగా చూసి, అతని పక్షమే వహిస్తుంది. యుద్ధం 1945లో ముగియలేదని, ఫాసిజం మొదట స్త్రీపురుష సంబంధాల్లోనే మొదలవుతుందని బాఖ్‌మన్ భావించారు. అందుకే ఆ నవలలో హత్య జరిగేది యుద్ధభూమిలో కాదు, వియన్నాలోని ఒక ఇంట్లో; కథకురాలు గోడ పగుల్లోకి మాయమైపోతుంది.

త్సెలాన్‌తో ఆమె ఉత్తరాలు 2008లో, ఫ్రిష్‌తోవి 2022లో అచ్చయ్యాయి. వాటిని ప్రేమకథల కోసం చదివేవారికి ఇప్పుడు కొదవలేదు. మీ పుటలో 'మాలినా' మీద ఒక వ్యాసం, ఆ పోస్ట్‌మన్ ఘట్టంతో సహా, వేయించవలసిందిగా కోరుతున్నాను.

భవదీయురాలు,
ఒక పాఠకురాలు, హైదరాబాద్