మార్జిన్‌లో బల్లి

తల్లిదండ్రులకు నమస్కారం.

పోయిన వారం మా లెక్కల మాస్టారు ఎనిమిదో తరగతి పిల్లాడి నోట్సు ఒకటి తెచ్చి నా టేబుల్ మీద పెట్టారు. ప్రతి పేజీ కింది మూలన ఒక బల్లి. పేజీలను బొటనవేలితో గబగబా వదిలితే అది ట్యూబులైటు దాకా పాకుతుంది, పురుగు మీదికి దూకుతుంది, గురి తప్పి మాస్టారి టిఫిన్ బాక్సులో పడుతుంది. మందలించాల్సిన నేను రెండోసారి తిప్పి చూశాను. మూడోసారి మాస్టారే తిప్పారు.

మర్నాడు ఆ పిల్లాడి నాన్నగారు వచ్చి, "ఈ బొమ్మలు కూడు పెడతాయా సార్?" అని అడిగారు. అప్పటికప్పుడు సరైన జవాబు తోచలేదు.

అమెరికాలోని ఇండియానాలో 1915లో పుట్టిన, డిస్నీ కార్టూన్ సినిమాలకు కథలు అల్లిన బిల్ పీట్ కూడా పాఠ్యపుస్తకాల అంచుల్లో బొమ్మలు గీసినవారే. హైస్కూల్లో మొదట వ్యాయామం తప్ప అన్నీ తప్పారు. స్నేహితుడి సలహాతో డ్రాయింగ్ క్లాసుల్లో చేరాక ఆర్ట్ స్కూలుకు స్కాలర్‌షిప్ వచ్చింది. 1937లో డిస్నీ స్టూడియోలో చేరితే, పెద్ద ఆర్టిస్టులు గీసిన రెండు భంగిమల మధ్య కదలికలు నింపే పనిచ్చారు. డొనాల్డ్ బాతును గీసీ గీసీ విసిగిపోయి, ఒకరోజు 'ఇక బాతులు గీయను' అని అరిచి వెళ్లిపోయారు. మర్నాడు కోటు కోసం వస్తే, కథా విభాగానికి మార్చినట్టు కబురు! (మా లెక్కల క్లాసులో అరిస్తే మాత్రం ప్రమోషన్ ఉండదు.)

కథా విభాగంలో బొమ్మ అందంగా ఉంటే చాలదు. ఏ సీను తర్వాత ఏది, ఎవరి ముఖం ఎప్పుడు కనపడాలి అన్నది చిన్న కాగితాల మీద గీసి, బోర్డుకు గుచ్చి (దీన్నే స్టోరీబోర్డు అంటారు), నలుగురి ముందు గొంతులు మార్చి చెప్పాలి. ఎవరూ నవ్వలేదా, కాగితాలు పీకేసి మళ్లీ మొదటికి. అంతవరకు డిస్నీలో పెద్ద సినిమా కథంటే పదిమంది పని. 1961 నాటి నూటొక్క మచ్చల కుక్కల ('డాల్మేషియన్ల') సినిమాకు నవలను సినిమా కథగా రాయడం, స్టోరీబోర్డు గీయడం పీట్ ఒక్కరే చేశారు. 1964లో వాల్ట్ డిస్నీతో పేచీ వచ్చి బయటికొచ్చేశాక, సొంత బొమ్మలతో పిల్లల పుస్తకాలు రాసుకుంటూ బతికారు. మన బాపు గారూ సినిమా షాట్లను ముందే బొమ్మలుగా వేసుకునేవారు కదా.

జీతం సంగతి నేను హామీ ఇవ్వలేను. ఇలాంటి బొమ్మల కోసం కంప్యూటర్ కొనమంటారా అని కొందరు అడుగుతున్నారు. ఇప్పుడే వద్దు. ముందు కథ చెప్పడం రావాలి.

ఈ నెల మూడో శనివారం మధ్యాహ్నం వరండా బోర్డు మీద పిల్లలు తమ కథలు గుచ్చి చెబుతారు. ఇంట్లో ఒకవైపు ఖాళీగా ఉన్న కాగితాలు, గుండుసూదులు ఉంటే పంపండి. వీలైతే మీరూ రండి. బల్లి కథ కూడా ఉంది. మాస్టారి షరతు ఒకటే: ఆలోపు బాకీ ఉన్న రెండు అభ్యాసాలూ పూర్తవ్వాలి.

మీ
ప్రధానోపాధ్యాయుడు